దొంగముక్క

మా పెద్దమ్మ కేకుల దుకాణంలో "బాగుంది" అనే మాట నిషేధం. రుచి చూసే గదిలో ఆ సంగతి పెద్ద అక్షరాలతో రాసి గోడకి అతికించింది. పెళ్లి కేకు ఎంచుకోవడానికి వచ్చినవాళ్లు ముక్క నోట్లో పెట్టుకున్నాక తీపి ఎక్కువైందనో, క్రీము అంగిలికి అతుక్కుంటోందనో, నిమ్మ ముందుకొచ్చి వెన్న వెనకబడిందనో ఏదో ఒకటి చెప్పి తీరాలి. పొరపాటున ఎవరైనా బాగుందని ఊరుకుంటే, పెద్దమ్మ చేతులు కట్టుకుని "ఏం బాగుంది?" అంటుంది. ఆ అడగడంలో ఉన్న తీరుకి ఎంతటివాళ్లయినా తాము ఏదో తప్పు చేసి దొరికిపోయామని అనుకుంటారు.

వీధిలో అందరూ ఆమెని అనుమానాలమ్మ అంటారు. ఆ సంగతి ఆమెకి తెలుసు. ఆ పేరు మొదట పెట్టింది పక్కనున్న ఇస్త్రీ దుకాణం ఆయనే అని ఆమె అనుమానం. గుడ్లు తెచ్చే మనిషిని నిలబెట్టి ప్రతి గుడ్డునూ నీళ్లలో వేసి చూస్తుంది. వెన్న తెచ్చినవాడి మొహం మీదే పెట్టె మూత తీసి వాసన చూసి, అతను నొచ్చుకున్నాడా లేదా అని కూడా చూస్తుంది. నొచ్చుకోకపోతే మరీ అనుమానం. ఎవరైనా రెండోసారి రుచి చూస్తామని వస్తే వాళ్లు ఎదురు వీధి బేకరీవాళ్లు పంపిన గూఢచారులే. ఇన్ని భరించి జనం ఎందుకు వస్తారంటే, ఆమె కేకు అలాంటిది మరి. అనుమానం లేని చేతులతో చేసిన కేకులు కూడా నేను తిన్నాను. వాటి గురించి చెప్పుకోవడానికి ఏమీ లేదు.

ఆమె పద్ధతుల్లో అన్నిటికన్నా గడుసుది దొంగముక్క. పెళ్లికొడుకూ పెళ్లికూతురూ ముందు పెట్టే పళ్లెంలో వెనిల్లా, చాక్లెట్, నారింజ, బాదం వరుసగా ఉంటాయి. వాటి మధ్య చూడ్డానికి అచ్చం వాటిలాగే ఉండే ముక్క ఒకటి ఉంటుంది. అందులో పంచదార తగ్గించి ఉప్పు గుప్పించి ఉంటుంది. తినేదాకా ఆ సంగతి ఆమెకీ నాకూ తప్ప మూడో మనిషికి తెలియదు. అది నోట్లో పడగానే కొందరు మొహం చిట్లిస్తారు, కొందరు రుమాలులో ఊసేస్తారు. కొందరు మర్యాద కోసం మింగేసి "ఇదీ బాగానే ఉందండీ" అంటారు. అలా అన్నవాళ్లకి పెద్దమ్మ ఆ రోజు కేకు ఖాయం చెయ్యదు. ఉప్పుని మెచ్చుకున్న నాలుక మిగతావాటిని మెచ్చుకుంటే నమ్మేదెలా, ఇంకోరోజు నిజం చెప్పే మనిషిని వెంటబెట్టుకు రండి అని పంపించేస్తుంది. ఒకసారి ఒక పెళ్లికొడుకు, పక్కనున్న పిల్ల మొహం మాడ్చుకోవడం చూసి, ఆ ముక్క తన పళ్లెంలోకి లాక్కుని గుటకలు మింగుతూ తినేశాడు. ఆ జంట వెళ్లాక, ఆ పెళ్లి మాత్రం నిలబడుతుందే అంది పెద్దమ్మ.

ఈ పట్టుదలకి కారణం మా పెదనాన్న. ఆయన ఇంట్లో ఉన్నన్నాళ్లూ ఏది పెట్టినా బాగుందనే అన్నాడట. కూర బాగుంది, కేకు బాగుంది, కొత్త కర్టెన్లు బాగున్నాయి. ఒకనాటి ఉదయం టిఫిన్ తిని, అదీ బాగుందని చెప్పి, పెట్టె పట్టుకుని గుమ్మం దాటాడు. ఎందుకని అడిగితే, ఈ ఇంట్లో తనకి ఏనాడూ ఏదీ నచ్చలేదన్నాడు. ఆయన వెళ్లినందుకు పెద్దమ్మ ఎక్కువ రోజులు ఏడవలేదు. ఏది నచ్చలేదో చెప్పకుండా వెళ్లినందుకు మాత్రం ఇప్పటికీ ఉడికిపోతుంది.

అమ్మ పోయాక నన్ను తెచ్చి పెంచుకున్నది పెద్దమ్మే. నాన్న నాకు ఊహ తెలియక ముందే లేడు. ముక్కుపుటాలతో కేకు ఉడికిందో లేదో చెప్పడం, క్రీము చాకుని గోరువెచ్చటి నీళ్లలో ముంచి తుడవడం, మనుషుల్ని ఓరకంట చూడడం, అన్నీ ఆమె దగ్గరే నేర్చుకున్నాను. నాకంటూ ఉన్న పెద్దదిక్కు ఆమె ఒక్కతే. అందుకే పెయింట్ల దుకాణంలో రంగులు కలిపే అబ్బాయిని పెళ్లి చేసుకోవాలని అనుకున్నప్పుడు, ఆ మాట ఆమె చెవిన వెయ్యడానికి వెనకాడాను. ఆమె కాదంటే పెళ్లి ఆగదు. నా వయసు నాకుంది. కానీ పెళ్లిరోజున నా పక్క కుర్చీ ఖాళీగా ఉంటే, ఆ పెళ్లి నాకు పెళ్లిలా ఉండదు.

పెద్దమ్మ ఒక్కటే అంది. "అందరిలాగే రానీ. పళ్లెం పెడతాను. తింటాడు. తర్వాత చూద్దాం."

ముందు రంగుల సంగతి తేల్చాలి. పెళ్లి హాలుకి ఏ రంగు, పూలకి ఏ రంగు, కేకు మీద ఏ రంగు, అన్నీ ఒకదానికొకటి కలిసేలా చూసుకోవడం ఇప్పుడు అందరూ చేస్తున్నదే. నేను తెలుపూ లేత ఆకుపచ్చా అనుకున్నాను. రంగులబ్బాయి, పెద్దమ్మ అతనికి పెట్టిన పేరు అదే, తన దుకాణం నుంచి రంగుల కార్డులు పట్టుకొచ్చి బల్ల నిండా పరిచాడు. పెద్దమ్మ కలిపిన క్రీము తెలుపుని చూసి ఇందులో పసుపు ఉందన్నాడు. ఇంకోటి కలిపి చూపిస్తే ఇది నీలానికి పోతోంది, దీపాల కింద శవంలా కనిపిస్తుందన్నాడు. గిన్నె పట్టుకుని కిటికీ దగ్గరికెళ్లాడు, గుమ్మంలోకెళ్లాడు, వీధిలోకెళ్లాడు. ఆకుపచ్చ దగ్గరైతే నాతో పేచీయే పెట్టుకున్నాడు. నేను చూపించింది ఆసుపత్రి గోడ రంగట.

నాకు ఒళ్లు మండింది గానీ పెద్దమ్మ మాత్రం మెత్తబడింది. నచ్చనిది నచ్చలేదని చెప్పే మగవాణ్ణి ఆమె ఆ ఇంట్లో చూడ్డం అదే మొదలు. అతనికి టీ కూడా తనే కలిపి ఇచ్చింది. నేను గట్టెక్కానని లోలోపల మురిసిపోయాను.

మర్నాడు పళ్లెం పెట్టింది.

అతను వెనిల్లా తిన్నాడు. బాగుందన్నాడు. నేను బల్ల కింద కాలు తొక్కాను. మెత్తగా ఉందని సరిచేసుకున్నాడు. చాక్లెట్ తిన్నాడు. ఇదీ మెత్తగా ఉంది, తియ్యగా ఉంది. నారింజ తిన్నాడు. తియ్యగా ఉంది. బాదం తిని, పలుకులు పంటికి తగులుతున్నాయన్నాడు. తెలుపులోనే ఇన్ని రకాలున్నాయని నిన్న మా ప్రాణం తీసినవాడు, ఇవాళ పళ్లెం పొడవునా ఒకే పాట పాడుతున్నాడు. పెద్దమ్మ కళ్లు చిన్నవవడం నేను చూశాను. తర్వాత అతని చెయ్యి దొంగముక్క మీదికి వెళ్లింది. మొత్తం తిన్నాడు. ఆగి, ఇంకో ముక్క ఉందా అని అడిగి, అదీ తిన్నాడు. అతని మొహం వెలిగిపోయింది.

"ఇది. ఇదొక్కటే మిగతావాటిలా లేదు. మన కేకు ఇదే చేయించుకుందాం" అన్నాడు.

ఆ గదిలో ఎంతోమంది ఆ ముక్కని ఊసేశారు, ఎంతోమంది మింగేశారు. ఇదే కావాలని ఎంచుకున్నవాడు మాత్రం ఇంతవరకు లేడు. పెద్దమ్మ పళ్లెం తీసుకుని లోపలికి వెళ్లిపోయింది.

అతన్ని పంపించి నేను లోపలికి వెళ్లేసరికి ఆమె గిన్నెలు కడుగుతోంది. వెనక్కి తిరగకుండానే అడిగింది.

"నువ్వు చెప్పావా అతనికి?"

"ఏం చెప్పానని?"

"దొంగముక్క సంగతి. ముందే తెలిసుంటే, తెలివైనవాడు ఊసెయ్యడు, మింగెయ్యడు. ఏకంగా అదే కావాలంటాడు."

గుడ్ల మనిషినీ వెన్న మనిషినీ అనుమానించిన కళ్లతోనే నన్నూ చూసింది. అన్నేళ్లు ఒకే వంటింట్లో, ఒకే మంచం మీద పెరిగినదాన్ని. చెప్పలేదని ఒట్టేశాను. సరే అంది గానీ నమ్మినట్టు కనిపించలేదు. ఆ పూట నాకు అన్నం సహించలేదు. నా కోపం అతని మీదో, ఆమె మీదో నాకే తెలియలేదు.

పెద్దమ్మ ఆరా తియ్యడం మొదలుపెట్టింది. గోడకి రంగు వేయించాలన్న వంకతో పెయింట్ల దుకాణానికి వెళ్లి యజమానితో కూర్చుని కబుర్లాడి వచ్చింది. అబ్బాయి బుద్ధిమంతుడేనట. రంగుల ఘాటుకి సాయంత్రానికి తమకందరికీ తల దిమ్మెక్కిపోతుంటే, అతను మాత్రం మూతికి గుడ్డైనా కట్టుకోకుండా నిమ్మకు నీరెత్తినట్టు పని చేసుకుపోతాడట. యజమాని దాన్ని మెచ్చుకోలుగా చెప్పాడు. పెద్దమ్మ దాన్ని మూట కట్టుకుని తెచ్చుకుంది. అతని తల్లి కూరలు కొనే చోట మాటువేసి, పలకరింపులు కలిపి, అబ్బాయికి ఏ కూర ఇష్టమని అడిగింది. వాడు ఏది పెట్టినా తింటాడమ్మా, బంగారం అందట ఆవిడ. ఇంటికొచ్చి ఆ మాట నాకు చెబుతున్నప్పుడు పెద్దమ్మ గొంతు మారిపోయింది. ఏది పెట్టినా తినే మగవాడు ఇంకొకడు ఈ ఇంటి గుమ్మం తొక్కబోతున్నాడని ఆమె భయం.

అనుమానం అంటుకుంటుంది. నాకూ ఒక్కొక్కటే గుర్తురావడం మొదలైంది. ఒకసారి విరిగిన పాలతో టీ పెడితే నేను వాసనకే పారబోశాను, అతను అప్పటికే సగం తాగేశాడు. నేను కొత్త సెంటు రాసుకెళ్తే ఏమీ అనలేదు, కొత్త రిబ్బను పెట్టుకెళ్తే వీధి అవతలి నుంచే కనిపెట్టాడు. నేను చేసి తీసుకెళ్లిన ప్రతి కేకుకీ బాగుందనేవాడు. మా ఇంట్లో ఆ మాట వినడానికి మొహం వాచిపోయినదాన్ని కనక, అతని నోట అది వింటుంటే నాకు ఎంత హాయిగా ఉండేదో. ఆ మాటలన్నీ ఇప్పుడు తిరగేసి చూసుకుంటుంటే నా ప్రాణం ఉసూరుమంది.

ఒక మధ్యాహ్నం పెద్దమ్మ అతన్ని దుకాణానికి పిలిపించింది. ఓవెన్ గాజుతలుపుకి తువ్వాలు వేలాడుతోంది, లోపల ఏముందో కనిపించదు. దాని ముందు స్టూలు వేసి కూర్చోమంది.

"నేను కౌంటర్ దగ్గర ఉంటాను అబ్బాయ్. లోపల కేకుంది. ఉడికిన వాసన రాగానే కేకెయ్."

అతను సరేనని కూర్చున్నాడు. పెద్దమ్మ కౌంటర్ దగ్గరికి వెళ్లలేదు. నా చెయ్యి పట్టుకుని పరదా వెనక నిలబడింది. కాసేపటికి వెన్న కరిగిన కమ్మటి వాసన వచ్చింది. అదే ఉడికిన వాసన. అతను కదల్లేదు. కాసేపటికి పంచదార మాడుతున్న వాసన వచ్చింది. అతను స్టూలు మీద ముందుకి వంగి, చాలా శ్రద్ధగా, చెవులతో వింటున్నట్టు కూర్చున్నాడు. ఇంకాసేపటికి ఇస్త్రీ దుకాణం ఆయన వీధిలోంచి, ఏదో మాడుతోందమ్మా అని అరిచాడు. అప్పుడు తువ్వాలు అంచు నుంచి పొగ లేచింది. పొగ కంటపడగానే అతను ఎగిరి లేచి తలుపు లాగాడు. లోపల కేకు బొగ్గయిపోయి ఉంది.

పెద్దమ్మ పరదా తీసింది.

"వాసన రాగానే చెప్పమన్నాను కదా?"

అతను తల వంచుకున్నాడు. "రాలేదండీ. నాకు రాదు."

చిన్నప్పుడు సైకిల్ మీంచి పడి తల వెనక దెబ్బ తగిలిందట. దెబ్బ మానింది గానీ వాసన తిరిగి రాలేదు. తీపీ పులుపూ ఉప్పూ చేదూ నాలుకకి తెలుస్తాయి. వెనిల్లాకీ చాక్లెట్‌కీ నారింజకీ తేడా తెలియదు. అన్నీ ఒకటే తీపి. ఆ పళ్లెంలో ఉప్పుముక్క ఒక్కటే అతనికి వేరే ముక్కలా తెలిసింది. కేకుల ఇంటికి అల్లుడిగా వచ్చేవాడు ఈ సంగతి చెబితే పిల్లనిస్తారా అని దాచాడట.

"మరి నా కేకులన్నీ బాగున్నాయన్నావ్" అన్నాను.

"నువ్వు ఎంతో ఆశగా చూసేదానివి. అబద్ధమే చెప్పాను. తప్పే."

నేను బొగ్గు కేకు ఉన్న టిన్ను తీసి తొట్టిలో గిరాటేసి పెరట్లోకి వెళ్లిపోయాను. చాలాసేపు ఏడ్చాను. వాసన లేనందుకు కాదు. నేను గర్వంగా దాచుకున్న మాటలు ఉత్తివని తేలినందుకు. తర్వాత ఏడుపు అయిపోయింది. అతను వెళ్లిపోకుండా గుమ్మంలోనే నిలబడి ఉన్నాడు. నేను లేకుండా ఇంకెక్కడికీ పోయేలా లేడు. నేనూ అంతే.

పెద్దమ్మ మాత్రం కరగలేదు. వాసన రాకపోవడం అతని తప్పు కాదంది. బాగుందనడం తప్పంది. "కేకు చేస్తాను. పెట్టి వచ్చేస్తాను. కుర్చీలో కూర్చోమని అడగకు" అంది నాతో.

అయితే ఆ మర్నాటి నుంచి ఆమె చేసింది చూస్తే నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. బట్టలారేసే క్లిప్పు ముక్కుకి పెట్టుకుని రుచి చూడ్డం మొదలుపెట్టింది. నోటితో ఊపిరి పీలుస్తూ, కళ్లలో నీళ్లు తిరుగుతూ, తను చేసిన వెనిల్లా తిని అదిరిపోయింది. ఏమీ లేదే ఇందులో, ఉత్త దూది అంది. పెళ్లి బల్ల మీద పెట్టే మిఠాయిలన్నీ మార్చేసింది. పటపటమని విరిగే పంచదార పలకలు, పళ్లు జిల్లుమనే చల్లటి నిమ్మ పుడ్డింగు, చేదు కాఫీ జెల్లీ, పంటి కింద కరకరలాడే బాదం బిళ్లలు. కేకు పై అంతస్తు మాడీ మాడని పంచదార పాకంతో, ఉప్పు వేసి చేస్తానంది. ఎన్నిసార్లు చేసి చూసిందో లెక్కలేదు. క్లిప్పు పెట్టీ పెట్టీ ముక్కు మీద ఎర్రటి గుర్తు పడింది. ఇదంతా అతని కోసమేనా అని అడిగితే, ఎవరికోసమూ కాదు, పని పనేనంది.

పెళ్లిరోజున హాలంతా అతను ఎంచిన తెలుపే. పసుపూ లేదు, నీలమూ లేదు. ఆసుపత్రి గోడ కాని ఆకుపచ్చ. పెద్దమ్మ ముందుగానే వచ్చి కేకు అంతస్తులు పేర్చి, ఏప్రాన్ విప్పకుండా వంటవాళ్ల తలుపు దగ్గర నిలబడింది. నా పక్క కుర్చీ ఖాళీ. నేను అటు చూడకుండా ఉండడానికి నానా తంటాలూ పడ్డాను.

కేకు కోశాం. పై అంతస్తు ముక్కలు మా బల్ల మీది వాళ్లకి పెద్దమ్మే తెచ్చి ఇచ్చింది. మా అత్తగారు తిని, ఒక్క క్షణం ఆగి, చాలా బాగుందండీ అంది. పెయింట్ల దుకాణం యజమాని నీళ్లు తాగి, భలే బాగుందన్నాడు. నేను కాస్త కొరికి ఆగిపోయాను. దొంగముక్కకి రెట్టింపు ఉప్పు. ఉప్పు దగ్గర చెయ్యి జారే మనిషి కాదు మా పెద్దమ్మ. ఆమె అతని ముందు పళ్లెం పెట్టి, చేతులు కట్టుకుని నిలబడింది.

"ఎలా ఉంది?"

ఆ కేకు కోసం ఆమె ఎంత కష్టపడిందో నేనే అతనికి చెప్పాను. ముక్కు మీద గుర్తు అతనికి కనిపిస్తూనే ఉంది. చుట్టూ ఉన్నవాళ్లంతా అప్పటికే బాగుందనేశారు. అతను నమిలాడు, మింగాడు, ఆమె మొహంలోకి చూశాడు.

"ఉప్పు బాగా ఎక్కువైంది అత్తయ్యగారూ. తినలేను."

పక్కనున్న తల్లి అతని మోచెయ్యి పొడిచింది. పెద్దమ్మ కళ్లు నిండిపోయాయి. అవి తుడుచుకోను కూడా లేదు.

"మీ పెదనాన్న ఒక్కసారి ఇలా అని ఉంటే సరిచేసుకునేదాన్ని కదే" అంది నాతో.

తర్వాత అతని ముందు నుంచి ఆ పళ్లెం లాగేసింది. "వదిలెయ్. నీది వేరే చేసి లోపల దాచాను" అంటూ తలుపు వైపు వెళ్లింది. తిరిగి వచ్చేటప్పుడు ఒంటి మీద ఏప్రాన్ లేదు. చేతిలో కొత్త పళ్లెం ఉంది. దాన్ని అతని ముందు పెట్టి, నా పక్క కుర్చీ లాక్కుని కూర్చుంది.